భిన్నాలతో రేటు లెక్కలు: 'ఒకటి' ఏదో ముందు తేల్చుకోవాలి

"ముప్పావు కిలో బెండకాయలు 36 రూపాయలు. కిలో ఎంత?" అని ఐదు, ఆరు తరగతుల పిల్లల్ని అడిగితే సాధారణంగా మూడు జవాబులు వస్తాయి: 48, 27, 45. మొదటిది సరైనది. 27 అన్నవాళ్లు 36ను 3/4తో గుణించారు. 45 అన్నవాళ్లు, పావు కిలో తక్కువుంది కదా అని 36లో పావు వంతు, అంటే 9, తీసి దానికే కలిపారు. వీళ్లకు గుణకారం వచ్చు, కూడిక వచ్చు. దేన్ని 'ఒకటి'గా పట్టుకోవాలో మాత్రం తెలియలేదు. 45 చెప్పిన పిల్ల 36 రూపాయలను ఒకటిగా పట్టుకుంది. లెక్క అడిగిన ఒకటి కిలో.

అందుకే భిన్నాలున్న రేటు లెక్కల్లో గుణించాలా, భాగించాలా అన్న ప్రశ్నతో మొదలుపెట్టకూడదు. ఒకటి ఏది, ఇప్పుడు మన చేతిలో ఉన్నది ఆ ఒకటిలో ఎన్ని ముక్కలు అన్నది తేలితే, ఏం చెయ్యాలో దానంతట అదే తెలుస్తుంది. బెండకాయల లెక్కలో మన దగ్గరున్నవి మూడు పావులు. మూడు పావులు 36 అయితే ఒక పావు 12. కిలోకి నాలుగు పావులు, కాబట్టి 48. ఒకటింబావు కిలో అడిగితే ఐదు పావులు, 60 రూపాయలు. నాలుగో తరగతి పిల్లలు కూడా నోటితో చెప్పగలరు. ఇదే పద్ధతిని ఎంత పెద్ద భిన్నానికైనా ఎలా వాడాలో కింద చూద్దాం.

ముందే వచ్చి ఉండాల్సినవి

మూడే. మిశ్రమ భిన్నాన్ని అపక్రమ భిన్నంగా మార్చడం (2½ = 5/2). భిన్నాన్ని పూర్ణసంఖ్యతో గుణించడం (5/6 × 4 = 20/6). భిన్నాన్ని పూర్ణసంఖ్యతో భాగించడం (5/2 ÷ 3 = 5/6). మూడోదాని దగ్గరే పిల్లలు ఆగిపోతారు. ఒక రొట్టెలో సగాన్ని ముగ్గురికి పంచితే ఒక్కొక్కరికి వచ్చేది రొట్టెలో ఆరో వంతు అని కాగితం మడిచి చూపించండి. సగానికి మడిచి, ఆ సగాన్ని మళ్లీ మూడు మడతలు వేసి విప్పితే ఆరు గళ్లు కనిపిస్తాయి. పూర్ణసంఖ్యతో భాగించినప్పుడు హారం ఎందుకు పెరుగుతుందో అక్కడ కంటికి తెలుస్తుంది.

భిన్నాన్ని భిన్నంతో భాగించడం ఇంకా రాకపోయినా ఫర్వాలేదు. ఈ లెక్కలు చేస్తూ చేస్తూ ఆ సూత్రం వాళ్లే కనుక్కుంటారు.

ఇది రేటు లెక్కేనా?

ఒక్క ప్రశ్న వేసుకోవాలి: రెండు రాశుల్లో ఒక రాశి సగం అయితే రెండోదీ సగం అవుతుందా? కూరగాయలు సగం కొంటే డబ్బు సగం, కాబట్టి ఇది రేటు లెక్క. అదే వేగంతో సగం సేపు నడిస్తే దూరం సగం, ఇదీ అంతే. కానీ "నలుగురు కూలీలు 1½ రోజుల్లో కలుపు తీస్తే ఆరుగురికి ఎంత కాలం పడుతుంది?" అన్నప్పుడు మనుషులు సగమైతే రోజులు రెట్టింపవుతాయి. ఇది విలోమానుపాతం. కింది పద్ధతిని దీనికి గుడ్డిగా వాడితే 2¼ రోజులు వస్తుంది, మనుషులు పెరిగితే పని ఆలస్యమైనట్టు! ఇక్కడ మొత్తం పనిని 4 × 1½ = 6 పనిదినాలుగా లెక్కగట్టి, ఆరుగురికి పంచాలి. జవాబు ఒక రోజు. కనీస చార్జీ ఉన్న ఆటో ప్రయాణం కూడా నేరుగా రేటు లెక్క కాదు, సగం దూరానికి సగం డబ్బు తీసుకోరు.

లెక్క చేసే దశలు

ఒక లెక్కను మొదటి నుంచి చివరిదాకా చేద్దాం. "రమణి ముప్పావు గంటలో 2½ కిలోమీటర్లు నడిచింది. అదే వేగంతో 1½ గంటల్లో ఎంత దూరం నడుస్తుంది?"

దశ 1. రెండు రాశులను ప్రమాణాలతో సహా విడిగా రాయాలి. గంటలు: 3/4. కిలోమీటర్లు: 5/2. ప్రమాణం రాయకుండా వట్టి 3/4, 5/2 అని రాసుకుంటే రెండు నిమిషాల తర్వాత ఏది ఏదో గుర్తుండదు. తారుమారు తప్పుల్లో చాలావరకు ఇక్కడే పుడతాయి. మిశ్రమ భిన్నాలను కూడా ఇప్పుడే మార్చేయాలి.

దశ 2. 'ఒకటి' ఏదో నిర్ణయించుకోవాలి. ప్రశ్నలో ఇచ్చిన కొత్త సంఖ్య 1½ గంటలు, కాబట్టి ఒకటి గంట. "గంటకు ఎన్ని కిలోమీటర్లు", "ఎకరానికి ఎన్ని బస్తాలు", "లీటరుకు ఎంత" లాంటి ప్రశ్నల్లో కు, కి చేరిన మాటే సాధారణంగా ఒకటి అవుతుంది. "మీటరు 140 చొప్పున" అంటే మీటరు. అయితే "బడికి వెళ్లడానికి అరగంట" అన్నప్పుడు బడి ఒకటి కాదు. ఆ మాట పక్కన ఏదైనా కొలత ఉందా అని చూడటం నేర్పాలి.

దశ 3. రెండు వరుసల పట్టీ గీయాలి. పైవరుసలో 'ఒకటి' కావలసిన రాశి, కిందివరుసలో రెండోది.

గంటలు: 1/4 | 3/4 | 1 | 1½
కి.మీ.: ? | 5/2 | ? | ?

ఇచ్చిన జత ఒకే నిలువు గడిలో ఉండాలి. 1/4 గడి లెక్కలో లేదు, మనం చేర్చుకున్నదే. 3/4 నుంచి 1కి ఒక్క గెంతులో పోవడం కష్టం కాబట్టి, హారం చూసి ఒక్క ముక్క ఎంతో ఆ గడి వేసుకున్నాం.

దశ 4. ముక్కకు దిగి, ఒకటికి ఎక్కాలి. మూడు పావుల నుంచి ఒక పావుకు రావాలంటే 3తో భాగించాలి: 5/2 ÷ 3 = 5/6 కి.మీ. ఒక పావు నుంచి పూర్తి గంటకు పోవాలంటే 4తో గుణించాలి: 5/6 × 4 = 20/6 = 10/3 కి.మీ. అంటే గంటకు 3⅓ కిలోమీటర్లు. పైవరుసలో ఏం చేస్తే కిందివరుసలోనూ అదే చెయ్యాలి. దీనికి మించిన నియమం లేదు.

దశ 5. అడిగినంతకు చేరాలి. 1½ గంటలు అంటే 3/2, కాబట్టి 10/3 × 3/2 = 5 కి.మీ. చురుకైన పిల్లలు దశ 4 లేకుండానే ఇది చెప్పేస్తారు: 1½ గంటలు ముప్పావు గంటకు సరిగ్గా రెట్టింపు, కాబట్టి 2½కు రెట్టింపు 5. అలా చూడగలిగితే మెచ్చుకోవాలి, "పద్ధతి ప్రకారం రాయలేదు" అని కొట్టేయకూడదు. ఒకటికి పోకుండానే గడి నుంచి గడికి దూకగలగడం ఈ పట్టీ ఇచ్చే బలం.

దశ 6. సరిచూడాలి. మొదట అంచనా: ముప్పావు గంటకే 2½ అయితే గంటకు 2½ కంటే ఎక్కువ, 5 కంటే తక్కువ రావాలి. 3⅓ సరిపోయింది. తర్వాత వెనక్కి: 10/3 × 3/4 = 30/12 = 5/2. ఇచ్చిన సంఖ్యే తిరిగి వచ్చింది. ఈ రెండు పనులకూ అర నిమిషం చాలు. అంచనాను లెక్క మొదలుపెట్టే ముందే పలకమీదో కాగితం అంచునో రాయించడం ఇంకా మంచిది. జవాబు వచ్చాక వేసే అంచనా ఎప్పుడూ జవాబు వైపే మొగ్గుతుంది.

తలకిందులు చేసి గుణించడం ఎక్కడి నుంచి వచ్చింది

దశ 4లో ఏం చేశామో చూడండి: 3తో భాగించి, 4తో గుణించాం. అంటే 5/2ను 4/3తో గుణించినట్టే. 3/4తో భాగించడం అంటే 4/3తో గుణించడం అని బడిలో చెప్పే సూత్రం ఇదే. లవంతో భాగిస్తే ఒక్క ముక్క వస్తుంది, హారంతో గుణిస్తే ఒకటి పూర్తవుతుంది. భాగించే భిన్నంలో లవహారాలను తారుమారు చేసి గుణించమని బ్రహ్మగుప్తుడు క్రీ.శ. 628 నాటికే రాశాడు. ఒక పది లెక్కలు రెండు అంగల్లో చేశాక ఈ సూత్రం ఇస్తే పిల్లలు ఎప్పటికీ మరచిపోరు. ముందే ఇస్తే రెండు భిన్నాల్లో దేన్ని తిప్పాలో తెలియక, మొదటిదాన్ని తిప్పేవాళ్లు, రెండింటినీ తిప్పేవాళ్లు కనిపిస్తారు.

ఈ పద్ధతి ఎంత పాతదో చెప్పడానికి భాస్కరాచార్యుడి లీలావతి (1150)లోని ఒక లెక్క బాగా పనికొస్తుంది. 3/7 నిష్కానికి 2½ పలాల కుంకుమపువ్వు వస్తే 9 నిష్కాలకు ఎంత వస్తుంది? నిష్కం నాణెం, పలం తూకం. ఒకటి ఏది? నిష్కం. 3/7 నిష్కానికి 5/2 పలాలు, కాబట్టి 1/7 నిష్కానికి 5/6 పలం, ఒక నిష్కానికి 35/6 పలాలు, 9 నిష్కాలకు 315/6, అంటే 52½ పలాలు. ఆ కాలంలో దీన్ని త్రైరాశికం అనేవారు. ప్రమాణం (3/7), ఫలం (5/2), ఇచ్ఛ (9) అని మూడు రాశులు. ఫలాన్ని ఇచ్ఛతో గుణించి ప్రమాణంతో భాగించాలి. ముందు ఒకటి విలువ కనుక్కునే మన ఏకవస్తు పద్ధతి చేసే పని కూడా అదే, కాకపోతే మధ్యలో ఒకటి దగ్గర ఆగుతుంది. ఏడో తరగతి పిల్లలకు ఇది ఇచ్చి చూడండి. దాదాపు తొమ్మిది వందల ఏళ్ల కిందటి లెక్క చేశామన్న సంతోషం వాళ్ల ముఖంలో కనిపిస్తుంది.

ఒకే జత, రెండు రేట్లు

రమణి లెక్కనే మార్చి అడగండి: "ఒక కిలోమీటరు నడవడానికి ఆమెకు ఎంత సేపు పడుతుంది?" ఇప్పుడు ఒకటి కిలోమీటరు. పట్టీలో పైవరుస కిలోమీటర్లు.

కి.మీ.: 1/2 | 5/2 | 1
గంటలు: 3/20 | 3/4 | 3/10

ఐదు అరల నుంచి ఒక అరకు 5తో భాగించాం: 3/4 ÷ 5 = 3/20. ఒక కిలోమీటరుకు 2తో గుణించాం: 6/20 = 3/10 గంట, అంటే 18 నిమిషాలు. గంటకు 10/3 కి.మీ., కిలోమీటరుకు 3/10 గంట. ఒకటి మరొకదానికి వ్యుత్క్రమం, గుణిస్తే 1 రావాలి. రెండు రేట్లూ నిజమే. ప్రశ్న ఏది అడిగిందో అదే జవాబు. చాలామంది పిల్లలు పెద్ద సంఖ్యను చిన్న సంఖ్యతో భాగించాలని ఒక అలవాటు పెట్టుకుంటారు. పూర్ణసంఖ్యల లెక్కల్లో అది చాలాసార్లు పనిచేస్తుంది, భిన్నాలు రాగానే ముంచుతుంది. ఈ అలవాటు పోవాలంటే ప్రతి లెక్కనూ రెండు వైపుల నుంచీ అడగడమే మందు.

'2/3 వంతు' వేరు, '2/3 ఎకరం' వేరు

ఇది పెద్ద గుంట. వంతు అన్నప్పుడు దేనిలో వంతు అన్నది లెక్కలో ఎక్కడో ఉంటుంది, దాన్ని వెతికి గుణించాలి. ఎకరం అన్నప్పుడు అది ఇప్పటికే కొలత.

"4½ ఎకరాల పొలంలో 2/3 వంతు నాట్లు వేయడానికి 1½ రోజులు పట్టింది. రోజుకు ఎన్ని ఎకరాలు? మిగతా పొలానికి ఇంకా ఎంత కాలం?" ముందు వంతును ఎకరాల్లోకి మార్చాలి: 9/2 × 2/3 = 3 ఎకరాలు. 3/2 రోజులకు 3 ఎకరాలు, అర రోజుకు 1, రోజుకు 2 ఎకరాలు. మిగిలింది 1½ ఎకరాలు. ఇప్పుడు ఒకటి ఎకరం: ఎకరానికి అర రోజు, కాబట్టి 3/2 × 1/2 = 3/4 రోజు. 2/3ను నేరుగా 1½తో భాగించిన పిల్లవాడికి 4/9 వస్తుంది. అదీ తప్పు లెక్క కాదు, రోజుకు పొలంలో 4/9 వంతు అని అర్థం. ప్రమాణం రాసి ఉంటే అక్కడి నుంచైనా దారి దొరుకుతుంది: 9/2 × 4/9 = 2 ఎకరాలు. అలాంటి పిల్లవాడి లెక్కకు అడ్డగీత కొట్టేయకుండా "4/9 ఏమిటి?" అని అడగాలి.

తొట్టె, కుళాయి

"తొట్టెలో 2/5 వంతు నిండడానికి 1/3 గంట పట్టింది. పూర్తిగా నిండడానికి ఎంత?" ఇక్కడ ఒకటి తొట్టె. 1/5 వంతుకు 1/6 గంట, 5/5కు 5/6 గంట, అంటే 50 నిమిషాలు. మిగతా 3/5 వంతుకు ఎంత అని అడిగితే 3/6, అంటే అరగంట. "పూర్తిగా" అనే మాట, "మిగతా" అనే మాట కింద గీత గీయించండి.

రెండు కుళాయిల లెక్కల్లో ఒకే సూత్రం: కాలాలను కూడకూడదు, గంటకు నిండే వంతులను కూడాలి. ఒకటి 3 గంటల్లో, ఇంకొకటి 6 గంటల్లో నింపితే గంటకు 1/3 + 1/6 = 1/2 వంతు. రెండు గంటల్లో నిండుతుంది. 9 గంటలు అన్నవాళ్లను, 4½ అన్నవాళ్లను "మొదటి కుళాయి ఒక్కటే మూడు గంటల్లో నింపుతుంటే, ఇంకొకటి తోడైతే ఎక్కువ సేపు ఎందుకు?" అని అడిగితే చాలు.

ఎక్కడ తప్పులు దొర్లుతాయి

అన్నిటికంటే ఎక్కువగా కనిపించేది గడియారం తప్పు. 1 గంట 30 నిమిషాలను 1.30 అని రాసి, దాన్నే దశాంశంగా వాడేస్తారు. అది 1½, అంటే 1.5. అలాగే జవాబు 3⅓ గంటలు వస్తే 3 గంటల 33 నిమిషాలు అని రాస్తారు. గంటలో మూడో వంతు 20 నిమిషాలు. నిమిషాలను 60పై వేసి సూక్ష్మీకరించే అలవాటు చేయించండి: 10 నిమిషాలు 1/6, 12 నిమిషాలు 1/5, 20 నిమిషాలు 1/3, 40 నిమిషాలు 2/3, 50 నిమిషాలు 5/6. ఈ ఐదూ నోటికి వస్తే కాలం లెక్కలు సగం తేలిక.

రెండోది మిశ్రమ భిన్నాల గుణకారం. 2½ × 1⅓ చెయ్యమంటే 2 × 1 = 2, ½ × ⅓ = 1/6, జవాబు 2 1/6 అంటారు. అసలు జవాబు 5/2 × 4/3 = 20/6 = 3⅓. ఏం పోయిందో చూపాలంటే దీర్ఘచతురస్రం గీసి నాలుగు గదులు చెయ్యండి: 2 × 1 = 2, 2 × ⅓ = ⅔, ½ × 1 = ½, ½ × ⅓ = 1/6. కూడితే 3⅓. పిల్లవాడు లెక్కపెట్టింది రెండు గదులే.

మూడోది, భాగిస్తే తగ్గాలన్న నమ్మకం. 36 ÷ 3/4 = 48 రాగానే తప్పనుకుని, గుణించి 27 రాస్తారు. ఒకటి కంటే తక్కువ ముక్క ధర తెలిసినప్పుడు పూర్తి ఒకటి ధర ఎక్కువే ఉంటుందని పావు, అర, ముప్పావు కిలోలతో పదే పదే చెప్పించాలి.

భిన్నాలంటే భయపడి అన్నిటినీ చిన్న ప్రమాణాల్లోకి మార్చుకునే పిల్లలుంటారు. ముప్పావు గంటను 45 నిమిషాలు అనడం తెలివైన పనే. ముప్పావు ఎకరాన్ని తెలంగాణలో 30 గుంటలు, ఆంధ్రలో 75 సెంట్లు అనుకుని చెయ్యవచ్చు. కానీ అన్ని భిన్నాలూ అలా లొంగవు. ఎకరంలో మూడో వంతు 13⅓ గుంటలు, కిలోలో మూడో వంతుకు గ్రాములు పూర్తిగా రావు. 333 అని రాసి మూడుతో గుణిస్తే 999, ఒక గ్రాము పోయింది. భిన్నాన్ని చివరిదాకా భిన్నంగానే ఉంచి, జవాబు చెప్పేటప్పుడు మాత్రం నిమిషాల్లోకో గ్రాముల్లోకో మార్చాలి.

లెక్కలు తయారు చేసుకోవడం, సాధన

ఇంట్లో కొత్త లెక్క కావాలంటే జవాబు నుంచి వెనక్కి రండి. రేటు గంటకు 2/3 లీటరు అనుకుని, దాన్ని 2¼ గంటలతో గుణిస్తే 1½ లీటర్లు వస్తుంది. "జనరేటరు 2¼ గంటల్లో 1½ లీటర్ల డీజిల్ తాగింది, గంటకు ఎంత?" అని అడగవచ్చు. ఇష్టం వచ్చిన రెండు భిన్నాలు రాసేస్తే 37/51 లాంటి జవాబులు వచ్చి, పిల్లల దృష్టి లెక్క మీంచి సూక్ష్మీకరణ మీదికి పోతుంది. మొదటి వారం హారాలు 2, 4 మాత్రమే, తర్వాత 3, 6, ఆ తర్వాత 5, 8 అని పెంచుకుంటూ పోతే సరిపోతుంది.

ఇవి చేయించండి:

1. 2/3 లీటరు నూనె 110 రూపాయలు. లీటరు ఎంత?
2. 1½ మీటర్ల గుడ్డ 210 రూపాయలు. 2¼ మీటర్లకు ఎంత?
3. పైన చెప్పిన జనరేటరు 5 లీటర్లతో ఎన్ని గంటలు నడుస్తుంది?
4. సైకిలు మీద 1/3 గంటలో 4½ కి.మీ. పోతే గంటకు ఎంత వేగం? 6 కి.మీ. పోవడానికి ఎంత సేపు?

జవాబులు: 1) 165 రూపాయలు. 2) మీటరు 140, మొత్తం 315 రూపాయలు. ఇక్కడ ముప్పావు మీటరును ముక్కగా పట్టుకున్నా చాలు: 1½లో రెండు, 2¼లో మూడు ముప్పావులు. 3) లీటరుకు 3/2 గంటలు, కాబట్టి 7½ గంటలు. ఇందులో ఒకటి గంట కాదు, లీటరు. 4) గంటకు 13½ కి.మీ. 6 కిలోమీటర్లకు 4/9 గంట, అంటే 26 నిమిషాల 40 సెకన్లు.